సినిమా అన్నం పెట్టిన స్వరకర్త

ప్రతి ఏటా మన వార్షికోత్సవ సంచికలో పూర్వ విద్యార్థులు రాసే వ్యాసం ఒకటి ఉంటుంది. ఎక్కువసార్లు అది పోటీ పరీక్షల గురించే. ఈసారి రాయమని వార్డెన్ సార్ మాకు ఫోన్ చేసినప్పుడు కూడా గ్రూప్స్‌కు ఎలా చదవాలో రాస్తామనే అనుకొని ఉంటారు. ఆ పరీక్ష మేమే ఇంకా గట్టెక్కలేదు. గట్టెక్కని వాళ్లు ఇంకొకరికి దారి చెప్పడం బాగుండదు కనుక, ఏడాదిగా మేము వింటున్న, చదువుతున్న ఒక సంగీతకారుడి గురించి రాస్తున్నాం. ఆయన పేరు ఆర్వో ప్యార్ట్. దేశం ఎస్తోనియా. (ఇంగ్లీషు అక్షరాల్లో చూస్తే ‘పార్ట్’ అని చదువుతాం. మేమూ ఆరు నెలలు అలాగే చదివాం. ఆ అక్షరం మీద రెండు చుక్కలు ఉంటాయి. వాటివల్ల పలుకు ‘ప్యార్ట్’కు దగ్గరవుతుంది.)

ఆయన గురించి రాసేవాళ్లందరూ ఒక మాట తప్పకుండా రాస్తారు. 1968 నుంచి 1976 వరకు, సుమారు ఎనిమిదేళ్లు, ఆయన మౌనంగా ఉన్నారని, ఆ మౌనంలోంచే ఆయన కొత్త సంగీతం పుట్టిందని. వినడానికి మునుల కథలా బాగుంటుంది. కానీ అది చదవగానే మాకు వచ్చిన మొదటి ప్రశ్న వేరు. ఆ ఎనిమిదేళ్లూ ఆ ఇంట్లో పొయ్యి ఎలా వెలిగింది? హాస్టల్లో పెరిగిన వాళ్లెవరికైనా ముందు అదే ప్రశ్న వస్తుంది. వెతికితే జవాబు దొరికింది. సినిమాలు.

ముందుగా ఆ దేశం సంగతి కొంచెం చెప్పాలి. ఎస్తోనియా బాల్టిక్ సముద్రం ఒడ్డున, రష్యాకు పడమట, ఫిన్లాండుకు దక్షిణాన ఉంటుంది. జనాభా 14 లక్షలు కూడా లేదు. రాజధాని టాలిన్. 1940లో సోవియట్ యూనియన్ దాన్ని కలిపేసుకుంది. మధ్యలో 1941 నుంచి 1944 వరకు జర్మన్లు ఆక్రమించారు. తర్వాత మళ్లీ సోవియట్ పాలన. 1991లో తిరిగి స్వతంత్రం వచ్చింది. అంటే ప్యార్ట్ గారు పనిచేసిన కాలంలో అక్కడ కచేరీ హాలు, రేడియో, స్వరలిపి అచ్చువేసే ముద్రణాలయం, సినిమా స్టూడియో అన్నీ ప్రభుత్వానివే. ఒకచోట తలుపు మూసుకుంటే పక్క వీధిలో ఇంకో యజమానిని వెతుక్కుందామంటే కుదరదు. ఇది గుర్తుపెట్టుకుంటే తర్వాతి కథ అర్థమవుతుంది.

ఆయన 1935 సెప్టెంబర్ 11న పైదె అనే చిన్న ఊళ్లో పుట్టారు. తల్లిదండ్రులు విడిపోవడంతో తల్లి ఆయనను తీసుకుని రాక్వెరె అనే ఊరికి వెళ్లారు. ఆ ఇంట్లో ఒక పెద్ద పియానో ఉండేది. కానీ మధ్య భాగంలోని మెట్లు పాడైపోయాయి. బాగా పలికేవి బాగా పైస్థాయివి, బాగా కిందిస్థాయివి మాత్రమే. పిల్లవాడు ఆ రెండు చివరలతోనే ఆడుకున్నాడు. ఊరి కూడలిలో స్తంభానికి కట్టిన లౌడ్‌స్పీకర్ ఒకటి ఉండేది. అందులో సింఫనీలు వచ్చేటప్పుడు ఆయన సైకిలు మీద ఆ కూడలి చుట్టూ తిరుగుతూ వినేవారట. నిలబడి వింటే ఎవరైనా ఏమైనా అనుకుంటారని కాబోలు, చుట్లు కొట్టేవారు. పండగ మైకుసెట్ల కింద పాటలు నేర్చుకున్న మనకు ఈ దృశ్యం కొత్తది కాదు.

తర్వాత టాలిన్‌లో సంగీత పాఠశాల, మధ్యలో సైన్యంలో తప్పనిసరి సేవ. అక్కడ బ్యాండులో ఓబో, డ్రమ్ము వాయించారు. ఆ పైన సంగీత కళాశాలలో హెయినో ఎల్లెర్ అనే గురువు దగ్గర చేరారు. చదువుతూనే ఎస్తోనియా రేడియోలో శబ్దగ్రాహకుడిగా ఉద్యోగం చేశారు. 1963లో పట్టా వచ్చింది. రేడియో పని 1967 వరకు సాగింది. మైకు ఎక్కడ పెట్టాలి, ఏ వాద్యం ఎంత వినిపించాలి, టేపును ఎక్కడ కత్తిరించి ఎక్కడ అతకాలి, ఇదీ ఆ పని.

రంగస్థలానికి రాయడం ఇంకా ముందే మొదలైంది. 1956, 57 సంవత్సరాల్లో, ఇంకా విద్యార్థిగా ఉండగానే, పిల్లల నాటకాల కోసం పియానో మీద నాలుగు చిన్న నాట్యాలు రాశారు. వాటి పేర్లు చూడండి. బూట్లు తొడిగిన పిల్లి, ఎర్ర టోపీ పాప–తోడేలు, సీతాకోకచిలుకలు, బాతుపిల్లల నాట్యం. ఈ నాలుగూ ఇప్పటికీ పిల్లలు పియానో నేర్చుకునేటప్పుడు వాయిస్తారు. ప్రపంచమంతా కళ్లు మూసుకుని గంభీరంగా వినే మనిషి బాతుపిల్లలతో మొదలుపెట్టారని తెలిసినప్పుడు మాకు ఆయన మీద చనువు ఏర్పడింది.

తర్వాత బొమ్మల సినిమాలు. టాలిన్‌లో ఎల్బెర్ట్ తుగానోవ్ అనే దర్శకుడు 1958లో ఆ దేశపు తొలి బొమ్మల సినిమా తీశారు. బొమ్మను వెంట్రుకవాసి కదిపి ఒక ఫొటో, మళ్లీ కదిపి ఇంకో ఫొటో. అలా సెకనుకు 24 ఫొటోలు లెక్కన తెర మీద వేస్తే బొమ్మ నడిచినట్టు కనిపిస్తుంది. ఆ స్టూడియో తీసిన చిత్రాలకు ప్యార్ట్ గారు 1960ల మొదటి నుంచే సంగీతం కట్టారు. వాటిలో హెయినో పార్స్ దర్శకత్వంలో 1964లో వచ్చిన కొప్స్ కథ ఒకటి. కొప్స్ అనేవాడు ఒక బొమ్మ కెమెరామన్. కెమెరా భుజాన వేసుకుని పుట్టగొడుగుల రాజ్యంలోకి వెళ్లి, ఏ పుట్టగొడుగు తినవచ్చో ఏది తినకూడదో పిల్లలకు చూపిస్తాడు. పాఠ్యపుస్తకం లాంటి సినిమా అన్నమాట.

సినిమాకు సంగీతం రాయడం ఎలాంటి పనో ఇక్కడ చెప్పాలి. మనం పాటల సినిమాలకు అలవాటుపడ్డాం. అక్కడ పాటలు తక్కువ. దర్శకుడు కూర్చిన దృశ్యాలు చూపించి, ఇక్కడ 40 సెకన్లు కావాలి, ఇక్కడ 11 సెకన్లు చాలు అంటాడు. తలుపు తెరుచుకునే క్షణానికి సంగీతం మొదలవ్వాలి, మనిషి నోరు తెరిచే క్షణానికి తగ్గిపోవాలి. మాట మీద స్వరం పడకూడదు. స్వరకర్త గడియారం ముందు పెట్టుకుని లెక్క కడతాడు. వాద్యాలు ఎన్ని దొరికితే అన్నే, గడువు ఎంత ఇస్తే అంతే. తన గొప్ప చూపించుకోవడానికి వీలులేని పని. బాగా చేస్తే ప్రేక్షకుడికి సంగీతం ఉన్నట్టే తెలియదు.

ఇదంతా ఒకవైపు. ఇంకోవైపు ఆయన కచేరీ హాలుకు రాసే సంగీతం ఉంది. అక్కడ ఆయనకు మొదటి నుంచీ గొడవలే. 1960లో ‘నెక్రొలోగ్’ అనే వాద్యబృంద రచన చేశారు. మన సంగీతంలో పన్నెండు స్వరస్థానాలు ఉన్నాయని చదువుకున్నాం కదా. ఆ పన్నెండింటినీ ఒక వరుసలో పెట్టుకుని, ఆ వరుస ప్రకారమే రచన మొత్తం నడపడం అప్పటికి పడమటి దేశాల్లో వాడుకలో ఉన్న పద్ధతి. ఎస్తోనియాలో ఆ పద్ధతిలో వచ్చిన మొదటి రచన అదే. సోవియట్ స్వరకర్తల సంఘం నాయకుడు తిఖోన్ ఖ్రెన్నికోవ్ దాన్ని బహిరంగంగా విమర్శించారు. తమాషా ఏమిటంటే, 1962లో మాస్కో పోటీలో ఆయనకే బహుమతి వచ్చింది. పిల్లల గాయక బృందం కోసం రాసిన ‘మా తోట’కు, ఇంకొక బృందగానానికి. రెండేళ్ల తేడాలో అదే వ్యవస్థ తిట్టింది, దండా వేసింది.

అసలు దెబ్బ 1968 నవంబరులో తగిలింది. ‘క్రెడో’ అనే రచనను టాలిన్‌లో నేమె యార్వి నిర్వహణలో ప్రదర్శించారు. లాటిన్‌లో క్రెడో అంటే ‘నమ్ముతున్నాను’. బాఖ్ రాసిన ఒక చిన్న పియానో ముక్కను తీసుకుని, దానిచుట్టూ పెద్ద వాద్యఘోష లేపి, చివరికి మళ్లీ బాఖ్ దగ్గరకే తెస్తారు. శబ్దం సంగతి అధికారులు పట్టించుకునేవాళ్లు కాదేమో. అందులో యేసుక్రీస్తును నమ్ముతున్నాననే మాట ఉంది. అదే ముప్పు తెచ్చింది. ఆ రచనను మళ్లీ వాయించనివ్వలేదు. అప్పటికే ఆయన రేడియో ఉద్యోగం మానేసి ఉన్నారు. కచేరీ హాలు నుంచి కొత్త రచనలు అడిగేవాళ్లు తగ్గిపోయారు.

ఇక్కడి నుంచే పుస్తకాలు ‘మౌనం’ అని రాస్తాయి. నిజానికి కచేరీ హాలుకు కూడా ఆయన పూర్తిగా మానలేదు. 1971లో మూడో సింఫనీ రాశారు. సినిమా స్టూడియో తలుపు మాత్రం మూసుకోలేదు. అదీ ప్రభుత్వానిదే అయినా, తెర వెనక వినిపించే సంగీతాన్ని అంత పట్టిపట్టి చూసేవాళ్లు లేరేమో అని మా ఊహ. 1960ల నుంచి 1970ల చివరి దాకా లెక్క వేస్తే బొమ్మల చిత్రాలు, డాక్యుమెంటరీలు, కథాచిత్రాలు కలిపి ముప్పైకి పైగా సినిమాలకు ఆయన సంగీతం ఇచ్చారు. వాటిలో మంచి భాగం ఈ మౌనమన్న ఏళ్లలోనివే. 1975లో వచ్చిన గూఢచారి చిత్రం కూడా ఉంది. పేరు ‘శ్రామిక నియంతృత్వానికి వజ్రాలు’. ఆ పేరున్న సినిమాకు సంగీతం రాస్తూ, అదే ఇంట్లో మరో బల్ల మీద మధ్యయుగపు చర్చి గానాన్ని ఆయన నేర్చుకుంటున్నారు. 1972లో నోరా గారిని పెళ్లి చేసుకున్నారు. ఆర్థడాక్స్ చర్చిలో చేరారు. ఒంటి గొంతుతో పాడే పాత గ్రెగోరియన్ గానాన్ని చూసి, ఆ తీరులో ఒక్కొక్క వరుస రాసుకుంటూ నోటు పుస్తకాలకు పుస్తకాలు నింపారు. వాటిలో ఏదీ ఎవరికీ ఇవ్వడానికి కాదు.

మేము ఇక్కడ మా సంగతి ఒకటి చెప్పుకోవాలి. మా ఇంట్లో డిగ్రీ చదివిన మొదటి మనిషిమి మేమే. ఇప్పుడు పి.జి. చదువుతూ సాయంత్రాలు ఒక జిరాక్స్ షాపులో డి.టి.పి. పని చేస్తున్నాం. శుభలేఖలు, ప్రాజెక్టు రికార్డులు, ఫ్లెక్సీలకు మాటలు, అప్పుడప్పుడు దశదిన కర్మ కార్డులు. జీతం పదో తేదీ అని చెప్పి ఇరవైకి ఇస్తారు. చుట్టాలు ఎవరైనా షాపుకు వస్తే, ఇంత చదివి టైపు కొట్టుకుంటున్నావా అంటారు. మేమూ చాలాకాలం ఆ పనిని మా లెక్కలోంచి తీసేసి, చదివేదే మా బతుకు, కొట్టేది బతుకు కాదు అనుకున్నాం. ప్యార్ట్ గారి ఎనిమిదేళ్ల గురించి చదివినప్పుడు, పుస్తకాలు ఆయనకు చేసిందీ అదేనని అనిపించింది. ముప్పై సినిమాలను లెక్కలోంచి తీసేసి, మిగిలినదానికి మౌనం అని పేరు పెట్టారు.

లేమి ఉంటేనే కళ పండుతుందని కొందరు అంటారు. మేము నమ్మం. ఎవరైనా ఆయనకు నెలనెలా డబ్బు ఇచ్చి మీకు తోచింది రాయండి అంటే ఇంకా త్వరగానే రాసేవారేమో. మేము చెప్పేది అంతకంటే చిన్న మాట. ఆ సినిమా పనిలో ఒకటి మాత్రం గొప్పగా నిలిచింది.

1973లో లెయిదా లాయుస్ అనే మహిళా దర్శకురాలు ‘ఉకుఆరు’ అనే సినిమా తీశారు. వేరా సార్ నవల దానికి ఆధారం. మిన్నా అనే పల్లెటూరి అమ్మాయి అక్సెల్ అనేవాడితో కలిసి అడవిలోని ఉకుఆరు అనే ఒంటరి కమతానికి కాపురానికి వెళుతుంది. అక్సెల్‌కు అకార్డియన్ వాయించడం వచ్చు. కష్టం, పిల్లలు, మీద పడే యుద్ధం, ఇదీ కథ. అందులో అకార్డియన్ మీద ఒక వాల్ట్జ్ వస్తుంది. వాల్ట్జ్ అంటే జంటలు తిరుగుతూ ఆడే, మూడు దెబ్బల నడక ఉన్న నాట్యం. ఒక దెబ్బ బరువు, రెండు దెబ్బలు తేలిక. బాణీలో ఏ కష్టమైన మలుపూ లేదు. ఊళ్లో ఎవరో ఎప్పుడో కట్టినట్టు ఉంటుంది. సినిమా దాటి ఆ బాణీ బతికింది. తర్వాత పియానోకు కూడా అచ్చయింది. ఎస్తోనియాలో ఆయన పెద్ద రచనలు ఎప్పుడూ వినని ఇళ్లలో కూడా ఈ వాల్ట్జ్ వినిపిస్తుందంటే ఆశ్చర్యం లేదు. ‘మౌనం’ నడిమధ్యలో, డబ్బుల కోసం రాసిన బాణీ ఇది.

అదే కాలంలో జరిగిన ఇంకో సంగతి ఆయన తర్వాత స్వయంగా చెప్పారు. తన ఇంటి ముందు వీధి ఊడుస్తున్న మనిషిని, స్వరకర్త సంగీతం ఎలా రాయాలంటావు అని అడిగారట. ఆ మనిషి, ఇదేం ప్రశ్న అన్నట్టు చూసి, ప్రతి ఒక్క స్వరాన్నీ ప్రేమించాలి కాబోలు అన్నాడట. అలాంటి జవాబు ఏ సంగీత పండితుడి దగ్గరా తనకు దొరకలేదని ప్యార్ట్ గారు అంటారు. మా అమ్మ మునిసిపాలిటీ కాంట్రాక్టు కింద పదకొండేళ్లు వీధులు ఊడ్చింది. ఈ ముక్క చదివిన రోజు ఆమెకు ఫోన్ చేసి చెప్పాం. అంతా విని, “ఆ ఊడ్చేటాయనకు నెలనెలా జీతం పడేదేనా?” అని అడిగింది. మా దగ్గర జవాబు లేదు.

1976లో ‘ఆలీనా కోసం’ అనే రెండు పేజీల పియానో రచనతో ఆయన మళ్లీ బయటికి వచ్చారు. ఆ పద్ధతికి ‘టింటినాబులి’ అని పేరు పెట్టుకున్నారు. లాటిన్‌లో చిన్న చిన్న గంటలు అని అర్థం. పద్ధతి విచిత్రంగా సులువు. రెండు గొంతులు ఉంటాయి. ఒకటి మెట్టు మెట్టుగా పైకీ కిందికీ నడుస్తుంది. రెండోది మూడే స్వరాల మీద ఉంటుంది. చర్చిలో కీబోర్డు వాయించే మన తమ్ముళ్లకు ఆ మూడూ తెలుసు, కార్డ్ అంటారు. స, గ, ప అనుకోండి. మొదటి గొంతు వేసే ప్రతి స్వరానికీ రెండో గొంతు ఆ మూడింటిలో ఒకదాన్ని ముందే పెట్టుకున్న నియమం ప్రకారం జోడిస్తుంది. మన శ్రుతిపెట్టెతో పోల్చవచ్చు గానీ పూర్తిగా కాదు. శ్రుతి కదలదు. ఇది పక్కన నడుస్తుంది, నడుస్తూనే ఇల్లు వదలదు.

1978లో రాసిన ‘అద్దంలో అద్దం’ వింటే ఇది చెవికే తెలుస్తుంది. పియానో, వయొలిన్, అంతే. పియానో మూడేసి స్వరాలు వరుసగా, తొందర లేకుండా, చివరిదాకా వేస్తూనే ఉంటుంది. వయొలిన్ గాంధారాన్ని నడిమి గుంజగా పెట్టుకుంటుంది. మొదట కింది నుంచి ‘రి గ’. తర్వాత దానికి అద్దంలా పై నుంచి ‘మ గ’. తర్వాత ‘స రి గ’, దానికి అద్దంలా ‘ప మ గ’. ఇలా ప్రతి జతకూ ఒక స్వరం పెరుగుతూ పోతుంది. ఎంత దూరం వెళ్లినా వచ్చి ఆగేది ఆ గాంధారం మీదే. సెలూన్‌లో ముందొక అద్దం, వెనకొక అద్దం ఉంటే మన తల వరుసగా లోపలికి పోతూ కనిపిస్తుంది కదా, ఆ రచన పేరుకు అర్థం అదే. పదేళ్ల పిల్లవాడు కూడా వేయగల స్వరాలు. అయితే ఏ స్వరమూ దాక్కోవడానికి చోటు లేదు, ఒక్కటి తప్పితే అందరికీ తెలిసిపోతుంది.

ఈ పొదుపు ఆయనకు ఎక్కడి నుంచి వచ్చింది? పాత చర్చి గానం నుంచి అని అందరూ అంటారు, నిజమే. మాకు మాత్రం పదకొండు సెకన్ల ముక్కలు కూడా గుర్తుకొస్తాయి. పదిహేనేళ్లకు పైగా గడియారం చూసుకుంటూ, మాట మీద పడకుండా, ఉన్న రెండు మూడు వాద్యాలతో రాసిన చేతికి, ఎక్కడ ఆగాలో తెలియకుండా ఉంటుందా? ఇది మా అభిప్రాయమే, పండితులు ఒప్పుకోనక్కర్లేదు.

1979లో వచ్చిన ‘పైలట్ పిర్క్స్’ అనే అంతరిక్ష కథాచిత్రం, పోలండు స్టూడియోతో కలిసి టాలిన్ స్టూడియో తీసింది, ఆయన చివరి సినిమా పనుల్లో ఒకటి. 1980 జనవరిలో భార్య, ఇద్దరు కొడుకులతో ఆయన దేశం వదిలారు. వెళ్లక తప్పని స్థితి వచ్చింది. సరిహద్దులోని బ్రెస్ట్ స్టేషన్‌లో పోలీసులు సామాను తనిఖీ చేశారు. ఏడు పెట్టెలు, వాటినిండా స్వరలిపి కాగితాలు, రికార్డులు, టేపులు. ఏమిటివి, వినిపించండి అన్నారు. ఖాళీ స్టేషన్‌లో రికార్డు పెట్టారు. బెంజమిన్ బ్రిటన్ అనే ఇంగ్లీషు స్వరకర్త స్మృతిలో 1977లో రాసిన రచన, గంట ఒకటి మోగుతూ తీగవాద్యాలు మెల్లగా దిగుతూ వచ్చేది, ఆ పోలీసులు నిలబడి విన్నారు. తర్వాత ఇంకొకటి కూడా. ఆ తర్వాత వాళ్లు తమతో ఎంతో స్నేహంగా ఉన్నారని ప్యార్ట్ గారు చెబుతారు. ట్రంకుపెట్టె తాళం తీసి తనిఖీకి నిలబడిన వాళ్లకు ఆ కాసేపు ఎలా ఉంటుందో వేరే చెప్పనక్కర్లేదు.

ముందు వియన్నా, తర్వాత బెర్లిన్. మాన్‌ఫ్రెడ్ ఐఖెర్ అనే రికార్డు నిర్మాత కారులో పోతూ రేడియోలో ఆయన రచన విని, ఎవరిదో కనుక్కుని, 1984లో ‘టాబులా రాసా’ అనే ఆల్బమ్ తెచ్చారు. పేరు ప్రపంచమంతా పాకింది. అక్కడి నుంచి వ్యవహారం తిరగబడింది. ఆయన సినిమాలకు రాయడం మానేస్తే, సినిమాలే ఆయన రాసినవి వెతుక్కుంటూ వచ్చాయి. ‘అద్దంలో అద్దం’ను 2002లో ‘జెర్రీ’ అనే చిత్రంలో వాడారు. 2007 నాటి ‘దేర్ విల్ బి బ్లడ్’లో ఆయన ‘ఫ్రాత్రెస్’ వినిపిస్తుంది. నాట్యానికీ అంతే. క్రిస్టఫర్ వీల్డన్ 2005లో న్యూయార్క్‌లో కూర్చిన ‘ఆఫ్టర్ ద రెయిన్’ నడిచేది ఆయన సంగీతం మీదే. 2015లో రాబర్ట్ విల్సన్ టాలిన్‌లో పాత ఫ్యాక్టరీ షెడ్డులో ‘ఆదాము యాతన’ను రంగస్థలం మీదికి తెచ్చారు. 2010లోనే ప్యార్ట్ గారు సొంత దేశానికి తిరిగొచ్చేశారు. 2018 అక్టోబరులో లౌలస్మా అనే చోట, సముద్రం దగ్గర పైన్ చెట్ల మధ్య, ఆయన కాగితాలన్నీ భద్రపరిచే కేంద్రం తెరిచారు. 2025లో ఆయనకు 90 ఏళ్లు నిండాయి.

విందామనుకునే తమ్ముళ్లకు ఒక సలహా. ఫోన్ స్పీకర్లో పెట్టకండి, ఇయర్‌ఫోన్స్ పెట్టుకోండి. స్టడీ అవర్ అయిపోయి గది సద్దుమణిగాక ‘అద్దంలో అద్దం’ పెట్టండి. నిద్ర వస్తే రానివ్వండి, తప్పు లేదు. ఉకుఆరు వాల్ట్జ్‌కు మాత్రం ఇవేమీ అక్కర్లేదు. మొన్న సంక్రాంతికి ఇంటికి వెళ్లినప్పుడు అమ్మ చింతపండులో గింజలు తీస్తుంటే పక్కన కూర్చుని ఫోన్లోనే పెట్టాం. ఎవరిదని అడగలేదు. అయిపోగానే మళ్లీ పెట్టమంది. మూడోసారి వస్తున్నప్పుడు చూస్తే, గింజలు గిన్నెలో పడటం ఆ మూడు దెబ్బల లెక్కలోనే ఉంది.